హెరెస్‌కు బయల్దేరే ముందు

చిరంజీవికి ఆశీస్సులు.

స్పెయిన్‌లోని హెరెస్‌లో ఆ గిటార్ కుటుంబం దగ్గర ఉండి అక్కడి సంప్రదాయ సంగీతం ఫ్లమెంకో నేర్చుకోబోతున్నావని తెలిసి సంతోషించాను. నువ్వు పంపిన సాధన పట్టికలో మాత్రం అన్నీ సోలోలే ఉన్నాయి. దాన్ని పక్కన పెట్టు. ఆ ఇళ్లలో గిటార్ ముందు పాటకు తోడు, తర్వాతే సోలో. ఫ్లమెంకో గిటార్‌లో పేరుమోసిన పాకో దె లుసియా అంతటివాడు కూడా చిన్నప్పుడు అన్న పెపే పాటకు వాయించినవాడే. 1961లో ఆ అన్నదమ్ములిద్దరి రికార్డు వచ్చింది.

మొదట చప్పట్లు నేర్చుకో. సొలెయా అనే పాట రకానికి 12 లెక్క. 3, 6, 8, 10, 12 మీద ఊనిక. బులెరియా అనే ఇంకో రకానికీ ఇవే ఊనికలు, కాకపోతే లెక్క 12 నుంచి ఎత్తుకుంటారు, వేగం చాలా ఎక్కువ. నీకు మృదంగం వచ్చు కాబట్టి లెక్క తప్పవు. చిక్కల్లా ఆదితాళానికి అలవాటైన చెవితోనే. అది ఒకటో దెబ్బ మీద సమం వెతుకుతుంది. సొలెయాలో వాక్యం ఎఫ్ (F) కార్డు నుంచి ఈ (E) కార్డుకు (కార్డు అంటే కలిపి మోగించే స్వరాల గుంపు) దిగి 10 మీద వాలుతుంది. ఆ తర్వాతి 11, 12 ఊపిరి తీసుకోవడానికి. అక్కడ ఏదో ఒకటి నింపాలని చూశావా, ఇల్లంతా నీ వైపే చూస్తుంది! మెట్రోనోమ్ 60లో పెట్టి, గిటార్ ముట్టకుండా, 10 మీద ఆగడం ఒంటబట్టేదాకా కొట్టు. పాట నడుస్తున్నప్పుడు అరచేతులు డొప్పలా చేసి మెత్తగా కొట్టాలి. గట్టి చప్పట్లు పాట ఆగాకే.

గాయకుడు 'పోర్ మెదియో, నాలుగు' అంటే, సెహీయాను (అదే కాపో, తీగలన్నిటినీ నొక్కిపట్టే బిగింపు) నాలుగో ఫ్రెట్‌లో బిగించి ఏ (A) కార్డు ఆకారంలో వాయించమని. 'పోర్ అర్రీబా' అంటే ఈ (E) కార్డు ఆకారం. సెహీయా ఫ్రెట్ కమ్మీకి ఆనుకునేంత దగ్గరగా ఉండాలి. బిగించాక మూడో తీగ తరచూ శ్రుతి పెరుగుతుంది, మళ్లీ సరిచూసుకో. పై స్వరాల్లో గాయకుడి గొంతు చీలుతుంటే ఒక ఫ్రెట్ దించు. అయితే పాట మధ్యలో కాదు, చరణం ముగిశాక.

అతను పాడుతున్నంతసేపూ కార్డులే వాయించు. పంక్తి ఎక్కడ వాలుతుందో అతని ఊపిరి చూసి పట్టుకో. సొలెయాలో పంక్తి చాలాసార్లు సి (C) కార్డుకు ఎక్కుతుంది. అది ముందే ఊహించి వాయిస్తే తప్పిపోతావు, గొంతు చేరాక వాయించు. నీ సొంత ఫల్సేటాలు (గిటార్ ఒక్కటే పలికే స్వర వరుసలు) రెండు చాలు, అవీ చిన్నవి, చరణాల మధ్యనే. పొడవాటివి వాయిస్తే గాయకుడి గొంతు చల్లారిపోతుంది.

క్లాసికల్ గిటార్ తీసుకెళ్లకు. గోల్పే (పైచెక్క మీద వేలితో తట్టే దెబ్బ) కొట్టినప్పుడు గోరు మెత్తటి పైచెక్కలో గుంటలు పెడుతుంది. కాపాడే ప్లాస్టిక్ రేకు దానికి ఉండదు. సైప్రస్ చెక్క గిటార్ అయితే ధ్వని చురుగ్గా వచ్చి త్వరగా ఆగుతుంది. పాట పక్కన కావలసింది అదే. తీగలు తక్కువ ఎత్తులో ఉండాలి: 12వ ఫ్రెట్ దగ్గర లావు తీగకు మూడు మిల్లీమీటర్ల ప్రాంతంలో. కొద్దిగా బరబరమన్నా ఫర్వాలేదు.

రస్గెయాదోలో (వేళ్లను ఒకదాని వెంట ఒకటి తీగల మీదుగా విసిరే వాయింపులో) ముందు తేలిపోయేది చిటికెనవేలు. నాలుగు వేళ్లూ ఒకే బలంతో పలికేదాకా విడివిడిగా, నెమ్మదిగా సాధన చెయ్యి. వేగం దానంతటదే వస్తుంది. గోరు చిట్లితే ఫెవిక్విక్ లాంటి జిగురు పలచగా రాసి, ఆరాక ఇంకో పూత వేసి, సన్నటి గరుకు కాగితంతో అంచు నున్నగా చెయ్యి. మందంగా ఒకేసారి రాస్తే పెచ్చులా ఊడి, గోరు పైపొరనూ లాక్కుపోతుంది.

మీ మావయ్య