'బిలవెడ్' కంటే ముందు ఏం చదవాలి?

ప్రశ్న: మేడమ్, ఎం.ఏ. ఇంగ్లీషు చదువుతున్నాను. అమెరికన్ రచయిత్రి టోనీ మారిసన్ నవల 'బిలవెడ్' ఎన్నిసార్లు మొదలుపెట్టినా ముందుకు సాగడం లేదు. ఏం చేయమంటారు?
— ఒక విద్యార్థిని, తార్నాక, హైదరాబాద్

జవాబు: అమ్మాయీ, దాన్ని కొన్నాళ్లు పక్కన పెట్టు. ముందు అమెరికాలో బానిసగా పుట్టి తప్పించుకున్న ఫ్రెడరిక్ డగ్లస్ 1845 నాటి ఆత్మకథ చదువు, సన్నటి పుస్తకమే. అందులో బానిస పిల్లవాడైన డగ్లస్ బాల్టిమోర్ వీధుల్లో పేద తెల్ల పిల్లలకు రొట్టె ఇచ్చి చదువు నేర్చుకుంటాడు. ఆ పేజీ క్లాసులో గట్టిగా చదివించాకే నేను మారిసన్ జోలికి వెళ్లేదాన్ని.

'బిలవెడ్' వెనక ఉన్నది మార్గరెట్ గార్నర్ అనే బానిస స్త్రీ నిజంగా జరిగిన కథ. 1856లో పారిపోయి పట్టుబడుతూ, కూతురు మళ్లీ బానిస కాకూడదని చంపుకున్న తల్లి. ఇది తెలిస్తే నవలలో గతం ఎందుకు ముక్కలుముక్కలుగా వస్తుందో నీకే అర్థమవుతుంది. ఆ తల్లి ఒక్కసారిగా చెప్పుకోగలిగిన కథ కాదమ్మా అది!

దళిత ఆత్మకథలతో పోల్చమంటారు. పోల్చు, మంచిదే. కానీ రెండూ ఒకటేనని రాసేయకు. అమెరికాలో చట్టమే మనిషిని అమ్ముకునే ఆస్తి చేసింది, ఇక్కడ కులం పనిచేసే తీరు వేరు.