నాయన నాడి నెమ్మదించినప్పుడు

అమ్మాయికి ఆశీస్సులు.

మీ నాయనకు నాడి నిమిషానికి 46 చూపిస్తోందనీ, ఆయనేమో అలిపిరి మెట్లెక్కి కొండకు పోతానని పట్టుబట్టి ఉన్నారనీ రాశావు. ఒక్క అంకె చూసి బెంబేలు పడొద్దమ్మా. మెలకువలో 60 కంటే తగ్గితే తక్కువని లెక్క, నిజమే. కానీ నిద్రలో 40ల్లోకి దిగడం చాలామందికి మామూలే. 46తో పాటు కళ్లు తిరుగుతున్నాయా, నాలుగడుగులకే ఆయాసమొస్తోందా, ఎన్నడూ లేని మతిమరుపూ మందకొడితనమూ వచ్చాయా, ఇవి కనుక్కో. వీటిని 'వయసైంది కదా' అని వదిలేస్తేనే ముప్పు.

ముందు ఆ 46 నిజమో కాదో తేల్చు. వేలికి పెట్టే ఆక్సీమీటరును నమ్ముకోవద్దు. గుండె మధ్యమధ్యలో ముందుగానే ఒక దెబ్బ కొడుతుంటే, అప్పటికింకా రక్తం నిండి ఉండదు కాబట్టి ఆ దెబ్బ వేలిదాకా అందదు. ఒకటి విడిచి ఒకటి ఇలా అయితే, గుండె 76 కొట్టినా మిషన్ 38 అంటుంది. ఆయన్ను అయిదు నిమిషాలు కూర్చోబెట్టి, మణికట్టు దగ్గర బొటనవేలి కిందివైపు నీ మూడు వేళ్లు ఆనించి నిమిషం పూర్తిగా లెక్కపెట్టు. పదిహేను సెకన్లు లెక్కపెట్టి నాలుగుతో గుణిస్తే, లయ తప్పిన నాడి మోసం చేస్తుంది. కుదురుగా నెమ్మదిగా ఉందా, మధ్యలో ఒకటి తప్పుతోందా, అసలు పొంతనే లేకుండా కొడుతోందా రాసిపెట్టు. ముందుగా కొట్టే ఆ దెబ్బ మణికట్టుకూ అందకపోవచ్చు గనక అసలు లెక్క ఈసీజీలోనే తేలుతుంది. పొంతన లేకుంటే ఏట్రియల్ ఫిబ్రిలేషన్, అంటే గుండె పై గదులు లయ తప్పి అదిరే జబ్బు, కావచ్చు. దాంతో పక్షవాతం భయం ఉంది గనక రక్తం పలచబరిచే మందు అవసరమేమో డాక్టరే తేల్చాలి. ఆస్పిరిన్ వేస్తున్నాం కదా అని ఊరుకోవద్దు.

ఆ తర్వాత మందుల డబ్బా బోర్లించు. సగం గుట్టు అందులోనే ఉంటుంది. బీపీకని ఇచ్చే మెటోప్రోలాల్, అటెనొలాల్, డిల్టియాజెమ్, గుండెకిచ్చే డిగాక్సిన్, అమియోడరోన్, మతిమరుపుకిచ్చే డోనెపెజిల్ అన్నీ నాడిని తగ్గించేవే. ఎవరూ లెక్కలోకి తీసుకోనిది గ్లాకోమాకు, అంటే కంటిలో ఒత్తిడి పెరిగే జబ్బుకు, వేసే టిమొలాల్ చుక్కల మందు. కంట్లో వేసింది ముక్కులోకి దిగి రక్తంలో కలుస్తుంది. చుక్క వేశాక కళ్లు మూసి, ముక్కు పక్కన కంటి మూలను రెండు నిమిషాలు వేలితో నొక్కిపెడితే లోపలికి పోయేది బాగా తగ్గుతుంది. కిడ్నీలు మందగిస్తే అటెనొలాల్, డిగాక్సిన్ ఒంట్లో పేరుకుంటాయి, పొటాషియమూ పెరుగుతుంది, అదీ గుండెను నెమ్మది చేసేదే. తక్కువ సోడియం ఉప్పని అమ్మేదాంట్లో చాలావరకు పొటాషియమే కలుపుతారు, అది వాడుతుంటే చెప్పు. అయితే ఏ బిళ్ళనూ నీ అంతట నువ్వు ఆపొద్దు. మెటోప్రోలాల్ లాంటివి ఒక్కసారిగా మానేస్తే బీపీ ఎగదన్నుతుంది, గుండెనొప్పీ రావచ్చు. డబ్బా మొత్తం సంచీలో వేసుకుని డాక్టరు ముందు పెట్టు.

ఈసీజీ తీయించు. రక్తపరీక్షలో థైరాయిడ్ చూసే టీఎస్‌హెచ్, కిడ్నీల పని చూపే క్రియాటినిన్, పొటాషియం ఉండేట్టు చూడు, థైరాయిడ్ తగ్గినా నాడి తగ్గుతుంది. ఈసీజీ పట్టేది ఓ పది సెకన్లే, అది బాగుందంటే కళ్లు తిరగడానికి కారణం లేదని కాదు. రోజంతా ఒంటికి కట్టి ఉంచే ఈసీజీ మిషన్ హోల్టర్ కట్టించుకుని, కళ్లు తిరిగిన గడియ రాసిపెడితే అప్పుడు గుండె ఏం చేసిందో తెలుస్తుంది. కూర్చుని లేచిన వెంటనే మాత్రమే తిరుగుతుంటే బీపీ పడుకోబెట్టి ఒకసారి, నిలబెట్టి ఒక నిమిషానికి, మూడు నిమిషాలకు చూడు. పైఅంకె 20 పడిపోతే దాన్ని వేరే దారిలో చూడాలి.

గుండెలో మొదట దెబ్బ పుట్టించే చోటు మందగిస్తే, ఇబ్బందులు ఉంటేనే పేస్‌మేకర్, అంటే గుండెను వేళకు కొట్టించే చిన్న మిషన్, పెడతారు. కింది గదులకు కబురు అందని పూర్తి బ్లాక్ అయితే, ఇబ్బంది లేకున్నా సాధారణంగా పెట్టమనే అంటారు. భయపడాల్సింది లేదు, పెట్టే చోట మాత్రమే మత్తిచ్చి మెడ ఎముక కింద చర్మం లోపల పెడతారు. తిరుపతి స్విమ్స్ ఆసుపత్రికి వెళ్తే ఆధార్, రేషన్ కార్డు పట్టుకుని ముందు అక్కడ సర్కారు ఆరోగ్య పథకం సంగతి చూసే ఆరోగ్యమిత్రను కలిసి ఆ పథకం కింద వస్తుందేమో అడుగు. పెట్టాక కొన్ని వారాలు ఆ చెయ్యి భుజం మించి ఎత్తకూడదు, అలాగని అసలే కదపకుండా కట్టేసుకుంటే భుజం బిగుసుకుంటుంది. సెల్‌ఫోన్ చొక్కా జేబులో వద్దు.

సొమ్మసిల్లినా, ఛాతీ పట్టేసి చెమటలు పట్టినా, నాడి 40 లోపుండి మనిషి తికమకపడుతున్నా 108కి ఫోన్ చెయ్యి. బండి వెనక కూర్చోబెట్టి తీసుకుపోవద్దు, మధ్యలో స్పృహ తప్పితే పడిపోతారు. పడుకోబెట్టి కాళ్లు ఎత్తుగా పెట్టు, సొమ్మసిల్లిన నోట్లో నీళ్లు పోయొద్దు. ఛాతీనొప్పో ఆయాసమో ఉంటే మాత్రం కూర్చోబెట్టే ఉంచు.

ఇక కొండ సంగతి. అలిపిరి దారిలో 3550 మెట్లు, గాలిగోపురం దాకా ఒకటే ఎక్కుడు. ఎక్కేటప్పుడు నాడి పెరిగి కాళ్లకు రక్తం పంపాలి. మందగించిన గుండె 46 నుంచి 55 దాటలేకపోతే ఆ మెట్ల మీదే కళ్లు చీకట్లు కమ్ముతాయి. కొన్ని బ్లాకులు శ్రమ పడేకొద్దీ ముదురుతాయి కూడా. అందుకని పరీక్షలు తేలేదాకా మెట్ల మాట ఎత్తనివ్వొద్దు, బస్సులో పోయి దర్శనం చేసుకోమను. ఒకవేళ పేస్‌మేకర్ పెడితే ఆ కార్డు జేబులోనే ఉండాలి. తనిఖీ దగ్గర కార్డు చూపించి, మెటల్ డిటెక్టర్ గేటు మధ్యలో నిలబడకుండా దాటేయమని, చేతి మిషన్‌ను పేస్‌మేకర్ మీద ఆనించొద్దని చెప్పమను.

పెద్దమ్మ