ముందు రూలు పుస్తకం తెరువు: ఒక యువ రచయితకు లేఖ

తమ్ముడూ,

నువ్వు పంపిన మూడు స్క్రిప్టులూ అందాయి. కూర్చుని చదవలేదు, లేచి నిలబడి పైకి చదివాను. మొదటిదాంట్లో రెండో పేజీకే ఊపిరాడలేదు. కథలో టెన్షన్ వల్ల అనుకునేవు, నీ వాక్యాల పొడవు వల్ల. ఆ సంగతి తర్వాత చెబుతాను.

రోజువారీ స్పోర్ట్స్ పాడ్‌కాస్ట్‌కి రాసే పని దొరికిందంటే చాలా సంతోషమేసింది. రోజుకో ఎపిసోడ్, ఇరవై నిమిషాలు, ఏ దేశమైనా ఏ ఆటైనా సరే, పెద్ద కథ ఒకటి. "రోజూ కొత్త కథ ఎక్కణ్నుంచి తేవాలన్నా?" అని అడిగావు. కథలకేం కరువు లేదు. ఏది కథ, ఏది ఉత్త వార్త అని పొద్దుటి మీటింగులో తేల్చుకునే దగ్గరే అందరం తన్నుకుంటాం.

నీ రెండో స్క్రిప్టులో మొదటి నాలుగు నిమిషాలూ స్కోరే. ఎవరు ఎన్నో నిమిషంలో గోల్ కొట్టారు, ఎవరికి ఎల్లో కార్డు పడింది. వినేవాళ్లు ఇవన్నీ రాత్రే ఫోన్లో చూసేసి పడుకున్నారయ్యా. చూసిందాంట్లో అర్థం కానిది ఏదో ఒకటి మిగిలిపోతే, దానికోసం పొద్దున నీ దగ్గరికి వస్తారు. ఆ ఒక్కటీ ఏమిటో పట్టుకోవడానికి ఇన్నేళ్లలో నాకు దొరికిన దగ్గరి దారి రూలు పుస్తకం. నవ్వకు. అన్నీ అని అనను గానీ, పెద్ద కథల్లో చాలావాటిలో ఒక మనిషీ ఒక రూలూ ఎదురెదురుగా వచ్చి ఆగిపోయి ఉంటారు. అక్కడ తవ్వు.

పారిస్ ఒలింపిక్స్ గుర్తుందిగా. 2024 ఆగస్టు 6న మన కుస్తీ అమ్మాయి వినేశ్ ఫోగాట్ ఒక్కరోజులో మూడు బౌట్లు గెలిచింది. మొదటి బౌట్లోనే, అంతవరకు అంతర్జాతీయ పోటీల్లో ఓటమి ఎరుగని జపాన్ అమ్మాయి యుయి సుసాకిని ఓడించింది. మర్నాడు ఫైనల్. పొద్దున తూకం వేస్తే, ఆమె విభాగానికి హద్దయిన 50 కిలోల మీద 100 గ్రాములు ఎక్కువొచ్చింది. ఫైనల్ పోయింది, పతకం పోయింది, పట్టికలో చివరి స్థానం మిగిలింది.

ఆ రోజు ఎక్కడ విన్నా కన్నీళ్లు, కుట్రలు. ఈ రెంటితో ఎపిసోడ్ ఐదు నిమిషాలకు మించి సాగదు. వినేవాళ్ల మనసులో ఉన్న ప్రశ్న వేరు: "నిన్న గెలిచినవి గెలిచినట్టే కదా, ఫైనల్ ఓడిందనుకుని రజతం ఇవ్వొచ్చుగా?" జవాబు రూల్లో ఉంది. కుస్తీలో పోటీ రెండు రోజులు, రెండు పొద్దులూ తూకం. ఏ ఒక్కసారి తప్పినా మొత్తం పోటీ నుంచే తీసేస్తారు. ఇంత కఠినం ఎందుకంటావా? తూకానికి ముందు నీళ్లు కూడా మానేసి బరువు దించడం, తూకం కాగానే తిని తాగి మళ్లీ పెరగడం ఈ ఆటలో పాత అలవాటు. ఒంటిని అలా చిత్రహింస పెట్టుకోకుండా ఆపాలంటే రెండోరోజు కూడా తూచాలి. అంతకుముందు 53 కిలోల్లో ఆడిన మనిషి ఆ రాత్రంతా ఏం చేసిందో తల్చుకో. ఒంటిని కాపాడటానికి పెట్టిన రూలుకు అందుకోవాలని ఒంటిని పిండుకున్న రాత్రి అది. రజతం పంచి ఇమ్మన్న ఆమె అప్పీలును క్రీడల మధ్యవర్తిత్వ కోర్టు ఆగస్టు 14న కొట్టేసింది. ఇదంతా చెప్పాక కూడా వినేవాళ్లలో సగంమంది రూలు సరైందే అంటారు, సగంమంది అన్యాయం అంటారు. అననీ. నువ్వు తీర్పు చెప్పేసి వాళ్ల నోట్లో మాట లాక్కోకు.

క్రికెట్లో ఇలాంటిది నీకు చెప్పక్కర్లేదు. 2019 జులై 14, లార్డ్స్‌లో ఇంగ్లండ్, న్యూజిలాండ్ ప్రపంచకప్ ఫైనల్ టై, సూపర్ ఓవర్ టై, ఎవరు ఎక్కువ బౌండరీలు కొట్టారన్న లెక్కలో 26-17తో కప్పు ఇంగ్లండ్‌కు. ఐసీసీ ఆ అక్టోబరులోనే ఆ రూలు తీసేసింది. జులైలో ఎపిసోడ్ అందరూ చేశారు. నేనైతే అక్టోబరుది చేస్తాను. అప్పటికి కోపాలు చల్లారి, ఇలాంటి రూలు మొదట ఎవరికి తోచింది, ఎందుకు తోచింది అని తీరిగ్గా అడగొచ్చు.

మరి వినేవాళ్లకు ఆటే తెలియకపోతే? అక్కడే నీ పనితనం బయటపడేది. ఒక బేస్‌బాల్ కథ చెబుతాను, ఎలా చెప్పానో గమనించు. అవతలి జట్టు బ్యాటర్లు కనీసం 27 మార్లు వస్తారు. బంతిని కొట్టి, మైదానంలో గుర్తుపెట్టిన చోట్లకు పరిగెత్తాలి, వాటినే బేస్‌లంటారు. వచ్చిన ప్రతివాడూ ఒక్క బేస్ కూడా చేరకుండా వెనక్కి పోతే, ఆ బంతులు విసిరినవాడిది పర్‌ఫెక్ట్ గేమ్. వందేళ్లు దాటిన ఆటలో అలాంటివి చాలా అరుదు. 2010 జూన్ 2న డెట్రాయిట్‌లో అర్మాండో గలరాగా వరసగా 26 మందిని పంపేశాడు. 27వ వాడు బంతిని కొట్టి ఫస్ట్ బేస్‌కు పరిగెత్తాడు. బంతి అతనికంటే ముందే అక్కడికి చేరింది, అంటే అవుటే. అంపైర్ జిమ్ జాయిస్ మాత్రం 'సేఫ్', అంటే నాటౌట్, అని చేతులు చాపాడు. గలరాగా గొడవ పడలేదు, చిన్నగా నవ్వి వెనక్కి నడిచాడు. రీప్లేలో తప్పు అందరికీ కనిపించింది. కానీ అప్పటి రూల్లో అంపైర్లు రీప్లే చూసే వీలు, క్రికెట్లో సిక్సర్ లాంటి హోమ్ రన్‌లకే ఉండేది. మ్యాచ్ అయ్యాక జాయిస్ వీడియో చూసుకుని, తప్పు నాదేనని ఒప్పుకుని, ఏడుస్తూ గలరాగాకు క్షమాపణ చెప్పాడు.

ఈ కథ నీ చేతికొస్తే ఎక్కడ మొదలుపెడతావు? ఆ పరుగుతో అంటావు, నాకు తెలుసు. అది అందరూ చూసేశారు. మర్నాడు మధ్యాహ్నంతో మొదలుపెట్టు. అదే జాయిస్ బ్యాటర్ నిలబడే హోమ్ ప్లేట్ దగ్గర అంపైర్‌గా నిలబడ్డాడు. ఆటకు ముందు జట్టు జాబితా కార్డు తెచ్చి ఇచ్చే పని మామూలుగా కోచ్‌లది. ఆ రోజు తెచ్చింది గలరాగా. కార్డు అందుకుంటూ జాయిస్ కళ్లు తుడుచుకున్నాడు. ఇక్కడ ఆపు. 'నిన్న ఏం జరిగిందంటే' అని అప్పుడు వెనక్కి వెళ్లు. చివర్లో ఒక్క వాక్యం చాలు: 2014 నుంచి అలాంటి నిర్ణయాలను కూడా రీప్లేలో చూస్తున్నారు.

ఇప్పుడు నీ వాక్యాల దగ్గరికి వస్తాను. మన తెలుగులో క్రియ చివర్లో వస్తుంది. కాగితం మీద ఇబ్బంది లేదు, కన్ను వెనక్కి వెళ్లి చూసుకుంటుంది. చెవికి ఆ వీలు లేదు. 'రెండేళ్లుగా మోకాలి గాయంతో బాధపడుతూ మూడు ఆపరేషన్లు చేయించుకుని ఎట్టకేలకు నిన్నటి మ్యాచ్‌తో జట్టులోకి తిరిగొచ్చిన ఆ ఆటగాడు' అని రాశావు. ఇంత మోసుకొచ్చాక కూడా వాడు ఏం చేశాడో ఇంకా రాలేదు! 'మోకాలికి మూడు ఆపరేషన్లు. రెండేళ్లు ఆట లేదు. నిన్న మళ్లీ బరిలోకి దిగాడు.' ఇలా విడగొట్టు. అలాగే నీ మూడు స్క్రిప్టుల్లో కలిపి తొమ్మిదిసార్లు ఎవరో ఒకరు చరిత్ర సృష్టించారు. లెక్కపెట్టాను. చరిత్రకు కాస్త విశ్రాంతి ఇవ్వు.

అంకెలు కూడా చెవిలో నిలవవు. 1984 లాస్ ఏంజిలిస్‌లో పి.టి. ఉష 400 మీటర్ల హర్డిల్స్‌లో నాలుగో స్థానం. ఆమెది 55.42 సెకన్లు, కంచు గెలిచిన అమ్మాయిది 55.41. సెకనులో నూరోవంతు అని హోస్ట్ చేత ఎంత నొక్కి పలికించినా వినేవాళ్లకు ఏమీ కనపడదు. లెక్క వేసి చూడు. 55 సెకన్ల చిల్లరలో 400 మీటర్లంటే సెకనుకు ఏడు మీటర్ల పైమాటే. నూరోవంతుకు ఏడు సెంటీమీటర్లు. అంటే బెత్తెడు. నాలుగు వేళ్లు దగ్గరగా పెట్టి చూసుకోమను, అంత దూరంలో ఒలింపిక్ పతకం ఆగిపోయింది. ఇక్కడా రూలుంది చూశావా: గీత దాటిందని లెక్కేసేది కాలునూ కాదు, తలనూ కాదు, మొండేన్ని. చివర్లో ఛాతీ ముందుకు వంచడం అందుకే అంత ముఖ్యం.

మూడో స్క్రిప్టు గురించి కాస్త గట్టిగానే చెప్పాలి. ఆటగాడు మైదానంలో కుప్పకూలిన రోజునే, అతనికి ఏ జబ్బు ఉండొచ్చో అతిథి చేత ఊహాగానాలు చేయించావు. చేయకు. 2021 జూన్ 12న కోపెన్‌హేగన్‌లో యూరో ఫుట్‌బాల్ మ్యాచ్ మధ్యలో డెన్మార్క్ ఆటగాడు క్రిస్టియన్ ఎరిక్సన్ గుండె ఆగి పడిపోయినప్పుడు డెన్మార్క్ ఆటగాళ్లు అతని చుట్టూ నిలబడి కెమెరాలకు అడ్డంగా నిలిచారు. ఆ రోజు మనం చెప్పాల్సింది తెలిసింది తెలిసినంతే. అసలు ఎపిసోడ్ నెలల తర్వాత వచ్చింది. అతని ఛాతీలో గుండెను కాపాడే పరికరం అమర్చారు. ఆ పరికరంతో ఆడటానికి ఇటలీలో నిబంధనలు ఒప్పుకోవు. దాంతో అక్కడి క్లబ్ ఇంటర్ మిలాన్‌తో ఒప్పందం ఆ డిసెంబరులో ముగిసింది. ఇంగ్లండ్‌లో ఆ అడ్డంకి లేదు, 2022 ఫిబ్రవరిలో అక్కడి క్లబ్ బ్రెంట్‌ఫర్డ్ తరఫున మళ్లీ ఆడాడు. ఒకే గుండె, ఒకే పరికరం, రెండు దేశాల్లో రెండు రూళ్లు. ఇరవై నిమిషాలు సరిపోవు దీనికి.

తొందర వల్ల నేనూ ఒకసారి పరువు పోగొట్టుకున్నాను. ఒక జట్టు కెప్టెన్ తప్పుకున్నాడని అర్ధరాత్రి ఫోనొచ్చింది. జట్టుతో తిరిగే మనిషే చెప్పాడు కదా అని, తయారుగా ఉన్న ఎపిసోడ్ పక్కనపెట్టి స్క్రిప్టు మొత్తం తిరగరాశాను. తెల్లారేసరికి వదిలాం. మధ్యాహ్నానికి ఆ కెప్టెన్ ప్రాక్టీసులో టాస్ నాణెంతో ఆడుకుంటున్న ఫొటో వచ్చింది. మర్నాటి ఎపిసోడ్ మొదలుపెట్టగానే తప్పు చెప్పుకున్నాం. అప్పట్నుంచీ ఎవరు ఏం చెప్పినా నేనడిగేది ఒకటే: "మీరు చూశారా, విన్నారా?" విన్నానంటే, ఎవరి దగ్గర విన్నారో వాళ్లకు ఫోను చేస్తాను. ఎప్పుడైనా వాడుకునేలా రెండు ఎపిసోడ్లు ఎప్పుడూ సిద్ధంగా ఉంచుకో, ఇలాంటి రాత్రుళ్లు చేతులు వణకవు.

అతిథుల్ని 'ఎలా అనిపించింది' అని అడగడం మానెయ్. 'చాలా బాధేసింది' అంటారు, అయిపోతుంది. ఓడిపోయాక ఎటు నడిచారు, బూట్లు ఎప్పుడు విప్పారు, మొదటి ఫోను ఎవరికి చేశారు అని అడుగు.

టెన్నిస్ మీద ఏదైనా ఐడియా ఇవ్వమన్నావు. 2010 వింబుల్డన్, జాన్ ఇస్నర్, నికొలస్ మహుత్. సెట్ సమంగా సాగుతుంటే కొద్ది పాయింట్లతో తేల్చేసే టైబ్రేక్ ఐదో సెట్‌కు లేదన్న ఒక్క రూలు వల్ల మ్యాచ్ మూడు రోజులు సాగింది, 11 గంటల 5 నిమిషాలు, చివరి సెట్ 70-68. స్కోరుబోర్డు 47-47 దగ్గరే ఆగిపోయింది. వింబుల్డన్ 2019లో ఆ రూలు మార్చింది. ఆటగాళ్లిద్దరి గురించీ అందరూ చెప్పారు. మొదటి పాయింటు నుంచి చివరిదాకా కుర్చీలో కూర్చున్న అంపైర్ మొహమ్మద్ లహ్యానీ. ఆయన కుర్చీలోంచి మొదలుపెట్టి చూడు. మొదటి రెండు నిమిషాలే రాసి, నీ గొంతుతో రికార్డు చేసి పంపు. ఈసారి కాగితం వద్దు.

ఉంటాను.