బాప్టిస్టులకు బిషప్పు లేకపోతే మరి పెద్ద ఎవరు?

"మీ బిషప్పు గారు ఎవరమ్మా?" అని పెళ్లయిన కొత్తలో మా అక్కని వాళ్ల అత్తగారు అడిగారట. వాళ్లది సీఎస్ఐ, అంటే బిషప్పులుండే చర్చ్ ఆఫ్ సౌత్ ఇండియా. మాకు బిషప్పు లేరండీ అంటే ఆవిడ నమ్మలేదు, మరి పాస్టర్ గారిని ఎవరు పంపిస్తారు అని మళ్లీ అడిగారు. ఊళ్లో ఉండే సంఘం పెద్దదా, నెల్లూరులో ఉన్న 'సమావేశం' అనే సంఘాల ఉమ్మడి సంస్థ పెద్దదా అని మీరు అడిగింది కూడా దాదాపు అదే. మా ఒంగోలు వైపు సంగతి చెప్తాను.

మాలో పాస్టర్ని పిలుచుకునేది సంఘమే. సభ్యులు కూర్చుని ఓటేస్తారు, సంఘం పనులు చూసే పెద్దలైన డీకన్లను కూడా వాళ్లే ఎన్నుకుంటారు. సంఘాలు కలిస్తే ఫీల్డు అసోసియేషన్, అన్నిటికీ కలిపి 1962లో ఏర్పడిన తెలుగు బాప్టిస్టు సంఘాల సమావేశం. పేరులోనే ఉంది కదా, అది చర్చి కాదు, చర్చిల కూడిక.

ఈ 'ఫీల్డు' అనే మాట మిషనరీ దొరల కాలం నాటిది, ఒక మిషన్ కేంద్రం కింద ఉండే ఊళ్లన్నీ కలిపి ఒక ఫీల్డు. అమెరికా బాప్టిస్టుల తరఫున శామ్యూల్ డే 1836లో వచ్చి, 1840కి నెల్లూరు చేరాడు. ఏళ్లు గడిచినా నమ్మినవాళ్లు వేళ్ల మీద లెక్కపెట్టేంత మందే. ఇక మూసేద్దామా అని 1853లో అమెరికాలో చర్చ కూడా జరిగింది, ఈ మిషన్‌కి 'ఒంటరి నక్షత్రం' అన్న పేరు అప్పుడే పడింది. ఒంగోలు సంఘం 1867 జనవరి 1న ఎనిమిది మందితో మొదలైంది. యర్రగుంట్ల పేరయ్య లాంటి మాదిగ పెద్దలు తమ వాళ్లలో తిరిగి చెప్పబట్టే అది ఊళ్లకు పాకింది, దొర ఒక్కడి వల్ల అయ్యే పని కాదు. తర్వాత పెద్ద కరువు. ఒంగోలు మిషనరీ క్లౌ దొర బకింగ్‌హామ్ కాలవ తవ్వకంలో కొంత కాంట్రాక్టు తీసుకుని జనానికి పని ఇచ్చాడు, కానీ కూలి కోసం చేరుతున్నారని అంటారేమోనని ఆ రోజుల్లో బాప్తిస్మాలు ఆపేశాడు. మళ్లీ మొదలుపెట్టాక 1878 జూలై 3న గుండ్లకమ్మలో ఒక్కరోజే 2,222 మందికి ఇచ్చారు.

అందరూ ఈ అంకె దగ్గరే ఆగిపోతారు. మర్నాటి నుంచి అంతమందిని ఎలా చూసుకున్నారని ఎవరూ అడగరు! బోధకులంతా మూడు నెలలకోసారి ఒంగోలు వచ్చి తమ ఊళ్ల లెక్క చెప్పేవారు. అదీ చాలక కంభం, వినుకొండ, నరసరావుపేట, బాపట్ల వేరే ఫీల్డులయ్యాయి. నాకైతే అసలు చరిత్ర ఇక్కడే కనిపిస్తుంది.

మా తాత డీకను. చిన్నప్పుడు నన్ను అసోసియేషన్ కూటాలకు తీసుకెళ్లేవాడు. పందిరి కింద చాపలు, ఒక్కో సంఘం లేచి ఈ ఏడు బాప్తిస్మాలెన్ని, చందా ఎంత అని చదవడం, మధ్యలో ఎవరో లేచి ఆ లెక్క తప్పని గొడవ, ఆ తర్వాత అందరూ కలిసి భోజనం. ఇదంతా బంగారమని అనను. మా సంఘంలోనే స్థలం కాగితాల మీద రెండు వర్గాలై కోర్టుకెక్కారు, తీర్పు చెప్పే బిషప్పు లేకపోవడం ఎంత కష్టమో అప్పుడు తెలిసింది.

నేను హైదరాబాద్ వచ్చాక ఇక్కడి బాప్టిస్టు సంఘంలో చేరాలంటే ఊరి సంఘం నుంచి బదిలీ ఉత్తరం తెమ్మన్నారు. సెక్రటరీ గారికి ఫోన్ చేస్తే, ముందు ఆ పద్నాలుగు నెలల చందా బాకీ కట్టు బాబూ, ఉత్తరం తర్వాత అన్నారు.