తలుపు అడుగు కోసే ముందు

చిరంజీవికి ఆశీస్సులు.

కొత్త టైల్స్ వేశాక పడకగది తలుపు నేలకి రాసుకుంటోందని రాశావు. కోయడం పెద్ద పనేం కాదు, గంటలో అవుతుంది. కోసిన ముక్క మాత్రం మళ్లీ అతకదు కదా, అందుకని రంపం తీసే ముందు తలుపు వాలిందేమో చూడు. తలుపు మూసి పైఅంచు గమనించు. బందుల వైపు సందు సన్నగా, తాళం వైపు వెడల్పుగా ఉంటే నేల ఎత్తు పెరగడం ఒక్కటే కారణం కాదు, తలుపు కిందికి దిగింది. పైబందు స్క్రూలు బిగించు. రంధ్రాలు వదులైపోయి స్క్రూ ఊరికే తిరుగుతుంటే సన్నటి చెక్క పుల్లలకి జిగురు రాసి లోపల దూర్చి, ఆరాక మళ్లీ బిగించు. చాలాసార్లు పని అక్కడితోనే తీరిపోతుంది.

వానాకాలంలో మాత్రమే తాళం వైపు పట్టేస్తుంటే అది వేరే సంగతి. చెక్క ఉబ్బేది నారకి అడ్డంగా. పొడవునా దాదాపు పెరగదు. దానికి అడుగు కోస్తే లాభం లేదు.

కోయాల్సిందే అని తేలితే, గీత సరిగ్గా పడటమే సగం పని. గట్టి నేల మీద 8 నుంచి 10 మి.మీ. సందు చాలు. తివాచీ ఉంటే దాని నూగు పైన 6 మి.మీ. వదులు. నేల ఎక్కడా సమతలంగా ఉండదు కాబట్టి తలుపుని మెల్లగా తిప్పుతూ ఎక్కడ ఎక్కువగా రాసుకుంటుందో చూసి, అక్కడే ఆపి గుర్తు పెట్టు. మూసిన చోట కొలిచి కోసేస్తే సగం తెరిచాక మళ్లీ తగులుతుంది. 6 మి.మీ. ప్లైవుడ్ ముక్క నేల మీద పెట్టి, దాని మీద పెన్సిల్ పడుకోబెట్టి తలుపు రెండు చివర్లా గీత గియ్యి. పెన్సిల్ మందం సుమారు 7 మి.మీ., ములికి దాని నడుమ ఉంటుంది. అందువల్ల గీత నేలకి తొమ్మిదిన్నర మి.మీ. ఎత్తున పడుతుంది. ఇంక స్కేలుతో రెండు గుర్తులూ కలుపు.

దింపేటప్పుడు తలుపు కింద చెక్క ముక్కలు దోపి, అడుగు బందు స్క్రూలు ముందు, పైబందువి చివర తీయి. పక్కన ఇంకో మనిషి ఉండాలి. బల్ల మీద పడుకోబెట్టగానే పెన్సిల్‌తో ‘అడుగు’ అని రాసి పెట్టుకో. నవ్వొస్తుందేమో కానీ, పైఅంచు కోసేసుకునేవాళ్లు తక్కువేం కాదు.

ఫ్లష్ తలుపైతే, అంటే రెండు వైపులా నున్నటి పలక అంటించిన తలుపైతే, వేలి కణుపుతో తట్టి చూడు. లోపల బోలుగా ఉన్నవాటికి అడుగున ఒక గట్టి పట్టీ మాత్రమే ఉంటుంది, తరచు 25–40 మి.మీ. వెడల్పుతో. కోత దాన్ని దాటితే అడుగు నోరు తెరుస్తుంది. అలా జరిగితే తెగిన ముక్కలోంచి పట్టీని ఉలితో విడదీసి, అంటుకున్న పొరలు గీకేసి, జిగురు పూసి బోలులోకి దూర్చి క్లాంపులు బిగించి రాత్రంతా వదిలెయ్. అగ్నిరక్షణ తలుపుల జోలికి మాత్రం వెళ్లకు. కోస్తే వాటి రక్షణ పోతుంది.

తీయాల్సింది 3 మి.మీ. లోపే అయితే రంపం వద్దు, చిత్రిక పట్టు. రెండు అంచుల నుంచీ నడిమికి తొయ్యి. ఒకే వైపు తోసుకుంటూ పోతే ఆ చివర నిలువు చెక్క పేళ్లు లేచిపోతుంది.

అంతకు మించితే గీత మీద టేపు అంటించి, టేపు పైన గీత మళ్లీ వేసి, పదునైన కత్తితో రెండు మూడుసార్లు లోతుగా గాటు పెట్టు. పైపొర చిట్లకుండా కాపాడేది ఆ గాటే. కరెంటు రంపం పళ్లు కింది నుంచి పైకి కోస్తాయి కాబట్టి పేళ్లు లేచేది పైముఖాన. అందుకని అందంగా ఉండాల్సిన ముఖం కిందికి పెట్టు. చేతిరంపానికి ఇది తారుమారు. కోసేటప్పుడు పైకి ఉండే ముఖాన గీత లేకపోతే అక్కడ కూడా కొలిచి గియ్యాలి. సన్నపళ్ల బ్లేడు వాడు, లోతు తలుపు మందం కన్నా 5 మి.మీ. మాత్రమే ఎక్కువ పెట్టు. వంకర లేని తిన్నటి పలకని క్లాంపులతో బిగించి దాని వెంట తోలు. రంపం అడుగు రేకు అంచుకీ పంటికీ మధ్య దూరం ముందే కొలుచుకుని, ఆ పలకని గీతకి అంత దూరంలో బిగించాలి. కోత గీతకి బయటి వైపే పడాలి. కళ్లలో పేళ్లు పడకుండా రక్షణ కళ్లద్దాలు పెట్టుకో.

కోసిన అంచుని 120 నంబరు ఉప్పు కాగితంతో రుద్ది, మూలలు కాస్త మొద్దు చెయ్యి. ఆ తర్వాతి పనినే అందరూ ఎగ్గొడతారు: ఆ పచ్చి అంచుకి ప్రైమర్, దాని మీద రెండు పూతలు రంగో వార్నిషో వెయ్యాలి. ఇల్లు తుడిచిన నీళ్లన్నీ అక్కడే తగులుతాయి. నిలువు చెక్కల కొసలు నీటిని వత్తిలా పీల్చేస్తాయి. ఫ్లష్ తలుపైతే పొరలు విడిపోయి అడుగు ఉబ్బుతుంది, మళ్లీ రాసుకోవడం మొదలవుతుంది. కనబడని అంచే కదా అని వదలకు.

పూత పూర్తిగా ఆరాక తలుపు ఎక్కించు, ఈసారి పైబందు ముందు. అడుగు గడియ ఉంటే, దాని కడ్డీ నేలలోని రంధ్రానికి అందుతోందో లేదో చూసి, అవసరమైతే కాస్త కిందికి జరిపి బిగించు.

ఇట్లు,
మీ పెదనాన్న