కాఫీ మెషీన్‌లో పోసే నీళ్ల గురించి మేనకోడలికి

చిత్తూరు,
ఆదివారం

చి. లావణ్యకు మామ ఆశీస్సులు.

నువ్వు పంపిన ఫొటోలు చూశాను. మెషీన్ బాగుంది. అల్లుడు దాన్ని వంటింటి గట్టు మీద కిటికీకి ఎదురుగా పెట్టినట్టున్నాడు, ముందు అక్కణ్ణుంచి జరపమను. ఎందుకో తర్వాత చెబుతాను. కుళాయి నీళ్లలో, కరిగిన లవణాలు ఎంతున్నాయో చూపే టీడీఎస్ పెన్ను 620 చూపించింది, ఆర్వో నీళ్లలో 35 చూపించింది, కాబట్టి ఆర్వో నీళ్లు పోస్తే ఇంక ఏ బాధా ఉండదు కదా మామా అని అడిగావు. ఫోన్‌లో అవునని గానీ కాదని గానీ చెప్పి వదిలేసే విషయం కాదిది. అందుకే కూర్చుని రాస్తున్నాను.

నేను పాల ఫ్యాక్టరీలో ఇరవై రెండేళ్లు బాయిలర్ దగ్గర పనిచేసిన సంగతి నీకు తెలుసు. పొద్దున డ్యూటీ ఎక్కగానే మంట దగ్గరికి వెళ్లేవాణ్ణి కాదు, నీళ్ల దగ్గరికి వెళ్లేవాణ్ణి. సున్నం తీసే సాఫ్ట్‌నర్ నుంచి వచ్చే నీళ్లు గాజు గ్లాసులో పట్టి, మందు చుక్కలు వేసి, ముదురు ఎరుపు రంగు నీలంగా మారేదాకా లెక్కపెట్టేవాణ్ణి. చుక్కలు ఎక్కువ పట్టాయంటే అందులో సున్నాన్ని పట్టుకునే రెజిన్ అలిసిపోయిందని అర్థం. ఉప్పునీళ్లు పంపి దాన్ని మళ్లీ సిద్ధం చేశాకే బాయిలర్‌కు నీళ్లు వదిలేవాళ్లం. నీ మెషీన్ లోపల ఉన్నదీ చిన్న బాయిలరే. నీళ్లు అందులోకి పోయాక నువ్వు చేయగలిగింది చాలా తక్కువ. చేయాల్సిందంతా బయటే, పోయకముందే చేయాలి. నేను ఇంత పొడుగున రాస్తున్నది ఈ ఒక్క మాట కోసమే.

బోరు నీళ్లలో కాల్షియం, మెగ్నీషియం బైకార్బొనేట్ రూపంలో కరిగి ఉంటాయి. నీళ్లు వేడెక్కితే అందులోని కార్బన్ డయాక్సైడ్ బయటికి పోతుంది, కరిగిన కాల్షియం సున్నపు గారగా మారి వేడి తగిలే చోటే అతుక్కుంటుంది. మీ గీజర్ కాయిల్ మీద తెల్లగా పేరుకునేది అదే. మీ అమ్మమ్మ కాగు అడుగున పట్టిన తెల్ల పొరను చింతపండు పులుసుతో నానబెట్టి తోమేది, గుర్తుందా? ఆ పులుపు చేసే పనినే ఇప్పుడు డీస్కేలింగ్ అంటున్నారు. కాగులోకి చెయ్యి పడుతుంది, మెషీన్ గొట్టాల్లోకి పట్టదు. కొన్నిచోట్ల నీళ్లు పోయే రంధ్రం సూది మొన అంత ఉంటుంది.

లీటరుకు 300 మిల్లీగ్రాముల గార కట్టే గుణం ఉన్న నీళ్లు రోజుకు లీటరున్నర వాడావనుకో. ఏడాదికి నూట అరవై గ్రాములకు పైగా సున్నం ఆ మెషీన్‌లోకి వెళ్తుంది. అంతా లోపలే అతుక్కోదు, చాలావరకు కప్పులోకి వచ్చేస్తుంది. అందులో పదో వంతు నిలిచినా ఆ చిన్న గొట్టాలకు ఎక్కువే.

మీ కొర్లగుంట అపార్ట్‌మెంట్ విషయం ఒకటుంది. తిరుపతికి కల్యాణి డ్యామ్ నీళ్లు వస్తాయి, కండలేరు నుంచి తెలుగుగంగ నీళ్లు వస్తాయి. అవి చాలనప్పుడు మీ వాచ్‌మన్ బోరు వేస్తాడు, ఎండాకాలం ట్యాంకర్ కూడా వస్తుంది. అన్నీ ఒకే సంపులో పడతాయి. అంటే నువ్వు నవంబర్‌లో చూసిన నీళ్లు, మేలో చూసే నీళ్లు ఒకటి కావు. ఒకసారి పరీక్ష చేసి నిశ్చింతగా ఉండొద్దు. తాగునీటికి మన దేశంలో ఉన్న ఐఎస్ 10500 ప్రమాణం ప్రకారం కాఠిన్యం, అంటే గార కట్టే గుణం, లీటరుకు 200 మిల్లీగ్రాముల దాకా ఉండొచ్చు, వేరే దారి లేనప్పుడు 600 దాకా ఒప్పుకుంటారు. అది మనిషి తాగడానికి పెట్టిన హద్దు. ఎస్ప్రెసో మెషీన్‌కు 200 కూడా ఎక్కువే.

ఇక ఆ పెన్ను గురించి. నీళ్లలో కరెంటు ఎంత బాగా పారుతుందో చూసి అది ఒక అంకె చెబుతుంది. ఆ 620లో గార కట్టే సున్నం ఎంత, మామూలు ఉప్పు ఎంత అన్నది దానికి తెలియదు. సాఫ్ట్‌నర్ పెట్టించుకున్న ఇళ్లలో చూడు, కాల్షియం పోయి దాని బదులు సోడియం వస్తుంది, గార కట్టదు, అయినా పెన్ను దాదాపు పాత అంకే చూపిస్తుంది. దాన్ని చూసి సాఫ్ట్‌నర్ పనిచేయడం లేదని గొడవపడినవాళ్లు నాకు తెలుసు. నీకు కావాల్సింది చుక్కల మందు. రంగు చేపలు అమ్మే దుకాణంలో జీహెచ్, కేహెచ్ టెస్ట్ కిట్ అని అడుగు. మొదటిది కాఠిన్యం, రెండోది క్షారగుణం, అంటే పులుపును సర్దే శక్తి. ఐదు మిల్లీలీటర్ల నీళ్లలో చుక్కలు వేస్తూ రంగు మారేదాకా లెక్కపెట్టడమే, ఒక్కో చుక్క లీటరుకు సుమారు 18 మిల్లీగ్రాములతో సమానం. పన్నెండు చుక్కలు పడితే 216 అన్నమాట. నేను ఫ్యాక్టరీలో చేసిన పనే ఇది, సీసా చిన్నది అంతే.

కుళాయికి తగిలించే కార్బన్ ఫిల్టర్‌ను నమ్ముకోవద్దు. అది క్లోరిన్ వాసన తీస్తుంది, రుచికి మంచిది, సున్నాన్ని మాత్రం ముట్టుకోదు. క్యాండిల్ ఫిల్టరూ అంతే. మెషీన్ ట్యాంకులో వేసే రెజిన్ సంచి కొంత పట్టుకుంటుంది గానీ, మన బోరు నీళ్ల ధాటికి అది చెప్పిన గడువుకు చాలా ముందే నిండిపోతుంది.

అయితే ఆర్వో నీళ్లు నేరుగా పోయొచ్చా? ఇక్కడే నేను దెబ్బ తిన్నాను. గారకు భయపడి, రిటైరైన కొత్తలో కొన్న మెషీన్‌లో ఆర్వో నీళ్లు మాత్రమే పోశాను. దానికి ఆవిరి కోసం వేరే బాయిలర్ ఉంది. లోపల నీటిమట్టం కనిపెట్టడానికి ఒక లోహపు కడ్డీ ఉంటుంది, నీళ్లు తగిలితే కరెంటు పారి పంపు ఆగుతుంది. ఖనిజాలు దాదాపు లేని నీళ్లలో కరెంటు సరిగా పారదు. బాయిలర్ నిండినా పంపు ఆగలేదు, స్టీమ్ గొట్టంలోంచి వేడినీళ్లు పొర్లాయి. మీ అత్త పక్కనే నిలబడి ఉంది, ఆమె చెయ్యి కాలనందుకు ఇప్పటికీ దేవుడికి దండం పెట్టుకుంటాను. అదొక్కటే కాదు, అంత ఖాళీ నీళ్లు కాలక్రమంలో రాగి, ఇత్తడి భాగాలను కొద్దికొద్దిగా తినేస్తాయి. కాఫీ కూడా పుల్లగా, పదునుగా వస్తుంది, పులుపును సర్దే క్షారం ఆ నీళ్లలో ఉండదు కదా. బోరు నీళ్లతో దీనికి తలకిందులు, ఎంత మంచి అరకు గింజ వేసినా కాఫీ మొద్దుగా, సున్నం నీళ్ల రుచితో ఉంటుంది.

మరి ఎంత ఉండాలి? స్పెషాలిటీ కాఫీ అసోసియేషన్ వాళ్ల లెక్కలో మొత్తం లవణాలు లీటరుకు 150 మిల్లీగ్రాములు, క్షారగుణం 40 దరిదాపుల్లో, పీహెచ్ 7, క్లోరిన్ సున్నా. ఇంట్లో అంత కచ్చితంగా కొలవక్కర్లేదు. నేను ఆరేళ్లుగా చేస్తున్నది చెబుతాను. లీటరు ఆర్వో నీళ్లలో పది గ్రాముల పొటాషియం బైకార్బొనేట్ కలిపి సీసాలో పెట్టుకుంటాను. ఫుడ్ గ్రేడ్ అని రాసి ఉన్నదే కొనాలి. మెషీన్‌లో పోసే ప్రతి లీటరు ఆర్వో నీళ్లకు ఆ సీసాలోంచి పది మిల్లీలీటర్లు కలుపుతాను, పిల్లలకు మందు పోసే సిరంజితో కొలిస్తే సులువు. దాంతో క్షారగుణం 50 దాకా పెరుగుతుంది, మట్టం చూసే కడ్డీ పనిచేస్తుంది, కాల్షియం కలపలేదు గనక గార పేరుకునే మాటే ఉండదు. అది దొరకకపోతే వంటసోడా వాడు, పదికి బదులు ఎనిమిది గ్రాములు. బేకింగ్ పౌడర్ మాత్రం వేరే వస్తువు, దాన్ని వేయకు.

మీ ఆర్వో మెషీన్ లోపల టీడీఎస్ సర్దే మర ఉంటుంది, దాన్ని తిప్పి కాస్త కుళాయి నీళ్లు కలిపేలా చేయమని ఎవరైనా సలహా ఇస్తారు. కుళాయి నీళ్లు తియ్యగా ఉండే ఊళ్లో అది మంచి దారే. నీకు వద్దంటాను. మీ సంపులోకి ఏ నెలలో ఏ నీళ్లు వస్తాయో తెలియదు, ఉప్పు బోరు నీళ్లు కలిస్తే క్లోరైడ్ కూడా వస్తుంది. క్లోరైడ్ స్టెయిన్‌లెస్ స్టీలును సూది గుచ్చినట్టు చిల్లులు పొడుస్తుంది. ఆ నష్టాన్ని ఏ మందూ బాగుచేయలేదు. ప్లాంటు నుంచి వచ్చే ఇరవై లీటర్ల క్యాన్ నీళ్లూ సాధారణంగా ఆర్వోవే, వాటికీ ఇదే సోడా లెక్క. కాకపోతే కొత్త చోట కొన్నప్పుడు చుక్కలతో ఒకసారి చూసుకో. ఆర్వో వదిలేసే నీళ్లను బకెట్‌లో పట్టి ఇల్లు తుడవడానికి వాడు. మన జిల్లాలో వెయ్యి అడుగుల లోతుకు బోర్లు వేసిన వాళ్ల గోడు విన్నవాణ్ణి, ఆ నీళ్లు మోరీలో పోతుంటే చూడలేను.

ఇలా చేస్తే డీస్కేలింగ్ అవసరం దాదాపు రాదు. అనుమానం వస్తే ఒక పరీక్ష ఉంది. ట్యాంకులో పోసే నీళ్లకూ, గ్రూప్ హెడ్, అంటే కాఫీ దిగే తల, నుంచి వచ్చి చల్లారిన నీళ్లకూ చుక్కలు లెక్కపెట్టు. బయటికి వచ్చిన నీళ్లలో తగ్గితే ఆ తేడా లోపల అతుక్కుంటోందని అర్థం. అప్పటికీ మెషీన్ పుస్తకంలో ఏమి రాశారో చదవకుండా పులుపు పోయొద్దు. రెండు బాయిలర్ల మెషీన్లకు ఇంట్లో డీస్కేలింగ్ చేయొద్దని కొందరు తయారీదారులు స్పష్టంగా చెబుతారు. చేయొచ్చని ఉంటే లీటరుకు ఇరవై గ్రాముల నిమ్మ ఉప్పు చాలు, ఆ తర్వాత రెండు మూడు ట్యాంకుల మంచినీళ్లు పంపాలి. వెనిగర్ వద్దు, ఆ వాసన నెలల తరబడి పోదు.

అంతకుముందు నా దగ్గరున్న చిన్న మెషీన్‌కు తొందరపడి నిమ్మ ఉప్పు రెట్టింపు కలిపి రాత్రంతా వదిలేశాను. గార కరగడానికి బదులు అటుకుల్లా ఊడి వాల్వ్‌లో ఇరుక్కుంది. లోపలి అల్యూమినియం నల్లబడి గుంటలు పడింది. బాగుచేసే అబ్బాయి అది విప్పి చూపించినప్పుడు నాకు చాలా బాధేసింది. ఇరవై రెండేళ్ల అనుభవం ఉండి చేసిన పని అది.

ఫ్యాక్టరీలో ఇంకొకటి నేర్చుకున్నాను. పాల జిడ్డు క్షారానికి పోతుంది, పాల రాయి, అంటే పాల లవణాలు గట్టిపడ్డ పొర, ఆమ్లానికి పోతుంది, ఒకదానితో రెండోది పోదు. కాఫీ నూనె కూడా జిడ్డే. నిమ్మ ఉప్పుతో అది కదలదు, దానికి కాఫీ మెషీన్ల కోసం అమ్మే క్షారపు పొడి వాడాలి. షాట్, అంటే కాఫీ దించడం, ఆపగానే బుస్సుమని డ్రిప్ ట్రేలోకి నీళ్లు పడతాయా, లేదా? పడితే నీ మెషీన్‌లో మిగిలిన ఒత్తిడిని బయటికి వదిలే త్రీ వే వాల్వ్ ఉన్నట్టు. అప్పుడు రంధ్రాలు లేని బాస్కెట్‌లో అర చెంచా పొడి వేసి, పది సెకన్లు నడిపి పది సెకన్లు ఆపుతూ ఐదుసార్లు, ఆపైన పొడి లేకుండా ఐదుసార్లు చెయ్యి. పది పదిహేను రోజులకు ఒకసారి చాలు. ఆ వాల్వ్ లేకపోతే ఈ పని చేయకు, నీళ్లు చిమ్మే జల్లెడ, అంటే షవర్ స్క్రీన్, విప్పి కడుక్కో.

స్టీమ్ వాండ్‌ను, అంటే పాలు కాచే ఆవిరి గొట్టాన్ని, మాత్రం పాలు కాచిన మరుక్షణం తడిగుడ్డతో తుడిచి, ఒకసారి ఆవిరి వదలాలి. ఎండిన పాలు ఎంత మొండివో నాకు తెలిసినంతగా ఇంకెవరికీ తెలియదు.

ఆవిరి బాయిలర్ ఉంటే వారానికి ఒకటి రెండుసార్లు వేడినీళ్ల కుళాయి తిప్పి ఒక పెద్ద గ్లాసు నీళ్లు పారబోయి. ఆవిరి పైకి పోతుంది, లవణాలు లోపలే ఉండి చిక్కబడతాయి. మేము ఫ్యాక్టరీలో రోజూ బ్లో డౌన్, అంటే బాయిలర్ నీళ్లు కొన్ని ఇలా వదిలేయడం, చేసింది అందుకే. ట్యాంకును వారానికోసారి సబ్బుతో తోమి ఆరబెట్టు. కిటికీ దగ్గర ఎండ పడితే తిరుపతి వేడికి ట్యాంకులో పాచి పడుతుంది, జరపమన్నది అందుకు. గ్రూప్ హెడ్‌లోని గ్యాస్కెట్ కుక్కర్‌ది లాగే గట్టిపడుతుంది. కాఫీ పొడి బాస్కెట్ ఉండే పిడి మామూలు చోటు దాటి తిరుగుతున్నా, పక్కల నుంచి నీళ్లు కారుతున్నా మార్చెయ్యి.

వచ్చే ఆదివారం మీ అమ్మను చూడటానికి తిరుపతి వస్తాను. అప్పటికి మూడు చిన్న సీసాల్లో కుళాయి నీళ్లు, ఆర్వో నీళ్లు, ఇప్పుడు మెషీన్ ట్యాంకులో ఉన్న నీళ్లు విడివిడిగా పట్టి, తేదీ రాసి ఉంచు. చుక్కల మందు నేను తెస్తాను. మెషీన్‌తో వచ్చిన పుస్తకం పారేయకుండా దగ్గర పెట్టు, అల్లుణ్ణి కూడా ఇంట్లో ఉండమను.

మీ మామ