గట్టు మీద తాటిచెట్లు అమ్మేయాలా? మేం అమ్మి చూశాం

మీరడిగింది ఇదీ: నాన్నగారి తర్వాత మీ వాటాకొచ్చిన ఎకరంన్నర గట్టు మీద ముప్పై దాకా తాటిచెట్లున్నాయి. ఇటుక బట్టీకి మొత్తం కొట్టుకెళ్తామని ఒకాయన బేరం పెట్టాడు. మీరుండేది హైదరాబాద్‌లో. చెట్ల మీద రూపాయి ఆదాయం లేదు. అమ్మేస్తే వచ్చే నష్టమేంటి?

అమ్మకండి. నేను పర్యావరణం గురించి ఉపన్యాసం ఇచ్చే రకం కాదు. 2009లో మేం ఇరవై ఆరు చెట్లు ఇలాగే అమ్మేశాం, ఆ అనుభవంతో చెబుతున్నాను.

మాది దివిసీమ, అవనిగడ్డ దగ్గర పల్లెటూరు. అప్పట్లో నాన్న, పెదనాన్న చెప్పుకున్న కారణాలు కూడా మీవే. కల్లు గీసేవాళ్ళు దొరకడం లేదు. మట్టలు రాలి చేలో పడుతున్నాయి. చెట్టు నీడ పడ్డంత మేర వరి పలచగా వస్తోంది. ఎవడో కుర్రాడు ముంజల కోసం ఎక్కి జారిపడితే పోలీసులు, కేసులు, అదో టెన్షన్. ఇవేవీ అబద్ధాలు కావు. వచ్చిన డబ్బుతో ఇంట్లో బాత్రూమ్‌కి టైల్స్ వేయించాం. ఆ టైల్స్ ఈపాటికి రెండుసార్లు మార్చాం కూడా.

కొట్టే రోజు నేను అక్కడే ఉన్నాను. మిషన్ రంపంతో చెట్టుకి పది నిమిషాలు కూడా పట్టలేదు. తాడి పడేటప్పుడు వేపలా, చింతలా కొమ్మలు విరుచుకుంటూ పడదు. స్తంభం ఒరిగినట్టు తిన్నగా వచ్చి చేలో దభీమని పడుతుంది, కాళ్ళ కింద నేల అదురుతుంది. పడ్డ తలల్లో ఒకదానికి గిజిగాడి గూళ్ళు పదో పన్నెండో వేలాడుతున్నాయి. మా తమ్ముడు ఒకటి తెంపి తెచ్చి ఇంట్లో మేకుకి తగిలించాడు. గడ్డిపోచలతో ఎంత గట్టిగా అల్లిందో, ఏడెనిమిదేళ్ళు చెక్కుచెదరలేదు.

ఆ ఇరవై ఆరులో ఒక చెట్టు సంగతి వేరు. 1977 నవంబర్ 19న దివిసీమ మీద ఉప్పెన విరుచుకుపడింది. ప్రభుత్వ లెక్కల్లోనే దాదాపు 10 వేల మంది పోయారు. మా వైపు ఇప్పటికీ ‘తాడిచెట్టంత కెరటం’ అంటారు. ఆ రాత్రి తాతయ్య, నాన్న, పెదనాన్న ముగ్గురూ పంచెలతో నడుములకి కట్టుకుని ఒక తాడిని కరుచుకుని బతికారు. తాడికి తల్లివేరు ఉండదు, పీచులాంటి వేళ్ళు వందలకొద్దీ చుట్టూ పాకుతాయి. గాలి పట్టుకోవడానికి కొమ్మలుండవు, పైనున్న ఆకులు పోయినా మాను నిలబడుతుంది. అలా చెట్లని పట్టుకుని బతికినవాళ్ళు దివిసీమలో చాలామందే ఉన్నారు. నాయనమ్మ బతికున్నన్నాళ్ళూ ప్రతి కార్తీకంలో ఆ మానుకి పసుపు రాసి, బొట్టు పెట్టి, దీపం వెలిగించి వచ్చేది. అమ్మేటప్పుడు దాన్నొక్కదాన్నీ వదిలేయమని నాన్న ముందే చెప్పాడు. రంపం పట్టుకున్న కుర్రాళ్ళకి ఏ చెట్టు ఏదో ఏం తెలుస్తుంది! మేం టీ తాగొచ్చేసరికి అదీ పడిపోయింది. నాన్న ఎవర్నీ ఏమీ అనలేదు. ఆ తర్వాత చాలాకాలం ఆ గట్టు మీదుగా కాకుండా చుట్టూ తిరిగి పొలానికి వెళ్ళేవాడు.

సరే, డబ్బు లెక్కకొద్దాం, మీకు కావాల్సింది అది కదా. తాడి ఆదాయం ఒక్కసారిగా చేతికి రాదు కాబట్టి లేదనుకుంటాం. వేసవిలో ముంజలు. పట్నంలో డజను ఎంతకి అమ్ముతున్నారో మీకు నాకన్నా బాగా తెలుసు. ముంజ తినడమంటే ప్లేటులో పెట్టుకుని స్పూన్‌తో తినడం కాదండీ. కాయ తల కొడవలితో చెక్కగానే మూడు కళ్ళు కనిపిస్తాయి, కంట్లోకి బొటనవేలు దూర్చి, తలెత్తి, చొక్కా తడిసేలా జుర్రుకోవాలి. ఖాళీ బుర్రలు రెండింటికి పుల్ల గుచ్చి, పంగల కర్రతో తోసుకుంటూ ఊరంతా బండి తిప్పేవాళ్ళం.

శ్రావణ భాద్రపదాల్లో పళ్ళు రాలతాయి. రాత్రిపూట ధబ్బుమని చప్పుడు వినబడితే, తెల్లారి ఎవరు ముందు లేస్తే పండు వాళ్ళది. నిప్పుల మీద కాల్చి, పీచు పిండి గుజ్జు తీసి, బియ్యపు రవ్వ, బెల్లం కలిపి నాయనమ్మ రొట్టె వేసేది. మిగిలిన టెంకలు వృథా కావు, పెరట్లో మట్టి పోసి పాతర వేస్తే సంక్రాంతికల్లా తేగలు. ఉడకబెట్టిన తేగని నిలువునా చీల్చితే మధ్యలో లేత మొలక ఉంటుంది, మేం చందమామ అనేవాళ్ళం, దాని కోసం అన్నదమ్ములం కొట్టుకున్న రోజులున్నాయి. తవ్విన టెంక పగలగొడితే లోపల బుర్రగుంజు, తియ్యగా దూదిలా. ఒక్క చెట్టు కాయని మూడు కాలాల్లో మూడు రకాలుగా తిన్నాం. ఇంకే చెట్టు ఇలా పెడుతుందో నాకు తెలీదు.

కల్లు గురించి చెప్పకపోతే ‘తాడిచెట్టు కింద పాలు తాగినా కల్లే అంటారు’ అన్న సామెత గుర్తు చేస్తారు. గీసేది కాండాన్ని కాదు, పూత గెలని. రోజూ దాని కొనని పలచగా చెక్కుతూ పోతే కుండలోకి బొట్టుబొట్టుగా దిగుతుంది. అందుకే మగచెట్టు పోతుతాడూ కల్లిస్తుంది, ఆడచెట్టు పెంటితాడూ ఇస్తుంది. కుండ లోపల సున్నం రాస్తే పులియదు, అదే నీరా. దాన్ని కాచితే తాటిబెల్లం. రంపచోడవరం దగ్గర పందిరిమామిడి ఉద్యాన పరిశోధన స్థానంలో తాటి మీద పరిశోధన చాలాకాలంగా జరుగుతోంది. వీలైతే ఒకసారి వెళ్ళి అడిగి చూడండి, నీరాకీ బెల్లానికీ సంబంధించి నాకన్నా వాళ్ళు బాగా చెప్తారు.

ఒకసారి ఉద్యోగం పని మీద కంబోడియా వెళ్ళాను. అంకోర్ వాట్ గోపురాల పక్కన కనబడ్డవి ఏ చెట్లనుకుంటున్నారు? మన తాడిచెట్లే. మనసు ఒక్కసారి మా గట్టు మీదికి వెళ్ళిపోయింది. వాళ్ళకది జాతీయ వృక్షం. మన గీత మావయ్యలు మోకు వేసుకుని ఎక్కితే, అక్కడ కణుపుల దగ్గర కొమ్మ మొదళ్ళు వదిలిన వెదురు బొంగుని చెట్టుకి కట్టి, దాన్నే నిచ్చెనలా ఎక్కుతున్నారు. వాళ్ళ కంపోంగ్ స్పూ తాటిచక్కెరకి భౌగోళిక గుర్తింపు కూడా ఉంది, విదేశాలకి పంపుతారు. మన పక్కనే తమిళనాడుకి తాడి రాష్ట్ర వృక్షం. 2021లో అక్కడి ప్రభుత్వం తాటిచెట్టు కొట్టాలంటే కలెక్టర్ అనుమతి ఉండాలని ప్రకటించింది. మనకేమో ఇటుక కాల్చడానికి చవకగా దొరికే కట్టె.

అసలు దాన్ని కట్టెగా చూడడమే నాకు మింగుడుపడదు. ముదురు తాడి మానుకి చేవ అంచునే ఉంటుంది, నల్లగా, ఇనుములా. లోపలంతా మెత్తటి పీచు. ఆ మెత్తని భాగం తొలిచేసి కొల్లేరు వాళ్ళు దోనెలు చేసుకున్నారు. అంచు చేవతో మా పాత ఇంటి దూలాలు, వాసాలు వేశారు, అవి తాతయ్య కంటే ఎక్కువకాలం ఉన్నాయి. మన పూర్వీకులు రాసుకున్నది కూడా తాటాకు మీదే, ఘంటంతో గీకి మసి పూసి. మన అక్షరాలు గుండ్రంగా ఉండడానికి ఆకు చీలిపోకుండా రాయాల్సి రావడమే కారణమంటారు. తంజావూరు సరస్వతీ మహల్‌లో తెలుగు తాళపత్రాలు ఇప్పటికీ ఉన్నాయి. అలాంటి చెట్టుని బట్టీలో పెట్టి ఇటుక కాల్చుకుంటున్నాం.

మీ విషయంలో నేనైతే ఇలా చేస్తాను. ముందు మీ ఊళ్ళో గీసేవాళ్ళు ఉన్నారేమో కనుక్కోండి, ఉంటే చెట్లు ఏడాదికింతని మాట్లాడుకుని వాళ్ళకివ్వండి. తక్కువ వచ్చినా ఫర్వాలేదు, ఎవరో ఒకరు కనిపెట్టుకుని ఉంటారు, ఎండుమట్టలు కొట్టేస్తారు, మీ తలనొప్పి సగం తగ్గుతుంది. ముంజలు వేరే వాళ్ళకి విడిగా ఇవ్వొచ్చు. పిడుగు పడి తల పోయిన మొండి మానులుంటే మాత్రం అమ్మేయండి, అవి తిరిగి చిగురించవు. తాడికి పెరిగే చోటు ఒక్కటే, మొవ్వు. అది పోతే చెట్టు పోయినట్టే. నరికిన మొదలు నుంచి వేప పిలకేసినట్టు ఇది వేయదు. నాకు అసలు భయం ఇదే. వేపచెట్టు కొట్టి తప్పు చేశామనుకుంటే సరిదిద్దుకోవచ్చు. దీనికి ఆ అవకాశం ఉండదు.

మళ్ళీ నాటితే పోలా అంటారా, నాటాం. 2011లో నాన్నే పండిన టెంకలు ఏరుకొచ్చి, ఖాళీ అయిన ఆ గట్టు మీద వరుసగా పాతాడు. ముప్పై పైనే పాతితే పదిహేడు బతికాయి. మొదటి ఏడాది ఒక్క ఆకు, గడ్డిపోచలా. అయిదారేళ్ళు గడిచినా నేలమీద విసనకర్రలు గుచ్చినట్టే ఉన్నాయి, కాండమనేదే లేదు. తాడి ముందు లోపల మొదలు లావు చేసుకుంటుంది, తర్వాతే పైకి లేస్తుంది. అదేదో జబ్బు అనుకుని మా తమ్ముడు వాటికి ఎరువు కూడా వేశాడు. ఏది పోతో ఏది పెంటో గెల వేసేదాకా ఎవడూ చెప్పలేడు, అందుకు పన్నెండు, పదిహేను, ఒక్కోసారి ఇరవై ఏళ్ళు పడుతుంది. నాన్న అవేవీ చూడకుండానే పోయాడు.

మొన్న వేసవిలో తమ్ముడు ఫోన్ చేశాడు. చివరి నుంచి మూడోదానికి గెల వచ్చిందట. పోతు. ముంజలు రావు. గీసే మావయ్యకి చెప్పాడట, వచ్చి చూసి ఇంకో రెండేళ్ళు ఆగమన్నాడు.